ఇచ్చుచూపు

మామ్మగారు కంటి చుక్కల సీసాను టీపాయ్ మీద పెట్టి, "ఇదిగో అమ్మాయ్, ఇక దీంతో నాకు పనిలేదు. అంతా నీ చలవే," అన్నారు.

అది ఆదివారం పొద్దున. నీళ్ల ట్యాంకరు కోసం ఢిల్లీ వసంత్ కుంజ్‌లోని మా పాకెట్, అంటే మా ఫ్లాట్ల సముదాయం, అంతా బాల్కనీల్లో నిలబడి రోడ్డు వైపు చూస్తోంది. నేను ఆ వారం పత్రిక ఇచ్చిపోదామని మొదటి అంతస్తులో రచయిత్రి ఇంటికి వెళ్లి, ఆమె ఇచ్చిన కాఫీ తాగుతున్నాను. కింది ఇంటి మామ్మగారు గోడ తడుముకుంటూ మెట్లెక్కి వచ్చారు. వెనకే ఆవిడ కొడుకు, సగం గడ్డం గీసుకుని, చెంప మీద నురగతోనే పరుగున వచ్చాడు.

"అమ్మా, ప్లీజ్. కిందికి పద. ఇంట్లో మాట్లాడుకుందాం."

"ఇంట్లో నీతో ఏం మాట్లాడతాన్రా? నీకు ఫైళ్లు తప్ప ఏం తెలుసు? రాసిన మనిషి ఇక్కడుంటే!"

రచయిత్రి నవ్వబోయింది. మామ్మగారు వేళాకోళమాడుతున్నారనుకుంది. ఆవిడకు అది అలవాటే. కానీ కొడుకు నవ్వలేదు. సీసా ఎత్తి కిటికీ వెలుతురులో పట్టుకున్నాడు. మూత సీలు కూడా తీయలేదు.

"చూడండి మేడం. పోయిన నెల కొన్నది. అంతకుముందుది కూడా ఇలాగే అల్మారాలో దొరికింది. వేసుకున్నావా అమ్మా అంటే వేసుకున్నానంటుంది. అక్కడ డాక్టరేమో ఆపరేషన్‌కి డేట్ తీసుకోండి అంటున్నాడు. రానంటోంది. ఎందుకు రావంటే మీ సీరియల్లో ఉందట."

"నా సీరియల్లోనా? ఏముంది?"

"ఇచ్చినవాళ్లు మళ్లీ దాచుకోకూడదని ఉందిగా!" అన్నారు మామ్మగారు, ఆమె రాసినది ఆమెకే గుర్తుచేస్తూ.

రచయిత్రి మెల్లగా కుర్చీలో కూర్చుంది. బయట ట్యాంకరు హారన్ మోగింది. బకెట్లతో అందరూ పరుగెత్తే చప్పుడు. ఆ ముగ్గురిలో ఒక్కరూ కదల్లేదు. నేను కూడా కదల్లేదు. ఆ రోజు మా మూడిళ్లకీ నీళ్లు లేవు.

మామ్మగారికి నీటికాసులు. కంట్లో ఒత్తిడి పెరిగి, చూపు అంచుల నుంచి లోపలికి తరిగిపోయే జబ్బు అది. పోయిన చూపు మళ్లీ రాదు. ఉన్నదాన్ని చుక్కలతోనో ఆపరేషన్‌తోనో కాపాడుకోవడమే. ఎడమ కన్ను ఆవిడ ఢిల్లీ రాకముందే చాలావరకు పోయింది. కుడి కంటితో ఎదురుగా ఉన్న మనిషి మొహం బాగానే చూసేవారు కానీ, పక్కన పెట్టిన పళ్లెం తగిలి కింద పడేది. ఇంకా ఆలస్యం చేస్తే ఆ మొహం కూడా మిగలదని పెద్దాసుపత్రి డాక్టరు కొడుకుతో చెప్పాడు.

ఇక సీరియల్ సంగతి. నేను అప్పుడు ఒక తెలుగు దినపత్రికకు ఢిల్లీలో విలేకరిని. మధ్యాహ్నం దాటాక మంత్రిత్వ శాఖల చుట్టూ తిరగడం, సాయంత్రం వార్తలు రాసి హైదరాబాదుకు ఫ్యాక్స్ చేయడం నా పని. అందువల్ల పొద్దున్నంతా ఇంట్లోనే ఉండేవాణ్ని. మా సంస్థ వారపత్రిక కట్ట రైల్లో మూడు నాలుగు రోజులు ఆలస్యంగా మా ఆఫీసుకు వచ్చేది. అందులో ఒక కాపీ నేను ఇంటికి తెచ్చేవాణ్ని. పాకెట్‌లో ఉన్న తెలుగు ఇళ్లన్నిటికీ అదే కాపీ తిరిగేది.

రచయిత్రిది కర్నూలు వైపు. కేంద్ర ప్రభుత్వ కార్యాలయంలో అసిస్టెంటు. పొద్దున ఎనిమిదింటికి చార్టర్డ్ బస్సెక్కితే చీకటి పడ్డాక తిరిగొచ్చేది. అందరూ నిద్రలేవకముందు వంటింటి గట్టు మీద కూర్చుని రాసుకునేది. మొదట్లో చిన్న కథలు రాసింది. ఆ తర్వాత రాసిన మొదటి సీరియల్ ఇదే.

ఆ సీరియల్ జరిగే లోకంలో సూర్యుడు లేడు, చంద్రుడు లేడు. దీపమంటే ఎలా ఉంటుందో ఎవరికీ తెలియదు. వస్తువులన్నీ పుట్టుకతో చీకటివే. వెలుగు ఉండేది ప్రాణుల కళ్లలో. ఎవరైనా దేన్నైనా చూస్తే, కంట్లోంచి కొంత వెలుగు వెళ్లి దాని మీద నిలిచిపోతుంది. ఇంటిల్లిపాదీ రోజూ చూసుకునే చెంబు మెల్లగా మెరుస్తుంది. ఎవరూ అడుగుపెట్టని గది నల్లబడి నల్లబడి చివరకు గోడలు కూడా లేకుండా పోతుంది. అలా ఇచ్చే చూపుకు ఆమె పెట్టిన పేరు ఇచ్చుచూపు.

ఆ ఒక్క ఊహ మీద ఆమె ఒక మతాన్నే కట్టేసింది. అక్కడ బిడ్డ పుడితే కళ్లు నిండుగా ఉంటాయి కనుక ముందుగా ఇంట్లోని చీకటి మూలల్ని చూపిస్తారు. పగవాణ్ని కోపంగా చూసినా వాడి మీద వెలుగు పడుతుంది. అందుకని సైనికులు కళ్లు మూసుకుని పోరాడతారు. అద్దం చూడటం తప్పు, ఇచ్చినదాన్ని వెనక్కి తీసుకోవడం కాబట్టి. కొందరు పిసినారులు కళ్లకు గుడ్డ కట్టుకుని తమ వెలుగు దాచుకుంటారు. వాళ్లను మూటకళ్లవాళ్లంటారు. వాళ్ల పంక్తిలో ఎవరూ కూర్చోరు. ముసలితనంలో చూపు పూర్తిగా పోయినవాళ్లకు మాత్రం గొప్ప మర్యాద. వాళ్లు నిండుగా ఇచ్చినవాళ్లు. ఊరి నడుమ అరుగు మీద కూర్చోబెడితే, అందరూ వచ్చి వాళ్లను కాసేపు చూసిపోతారు. జీవితమంతా ఇచ్చిన వెలుగు అప్పుడు వాళ్ల మీద పడుతుంది. ఈ లోకంలో ఒక పిల్ల, ఎవరూ ఎన్నడూ చూడని మనిషి ఒకడున్నాడని విని, వాణ్ని వెతుక్కుంటూ పోతుంది. కథ అదీ.

ఇది ఎలా తోచిందని ఒకసారి అడిగాను. ఆమె కూతురి సైన్సు పరీక్ష వల్లట. మనకు చెట్టు ఎలా కనిపిస్తుందో బొమ్మ గీయమని ప్రశ్న. ఆ పిల్ల కంటి నుంచి చెట్టుకు బాణం గుర్తులు గీసింది. టీచరు ఎర్ర సిరాతో కొట్టేసి, బాణాలు చెట్టు నుంచి కంటికి రావాలని రాసింది. "నేను ఆ బొమ్మను చానాసేపు చూసినా అన్నా," అంది రచయిత్రి. "ఇదే కరెక్టు అయ్యే లోకం ఒకటుంటే ఎట్లుంటుందా అనిపించింది. అంతే."

తన సీరియల్‌ను మా పాకెట్‌లో ఎలా చదువుతున్నారో మాత్రం ఆమెకు తెలియదు. తెలిసే వీలు కూడా లేదు.

ఢిల్లీ చలికాలంలో పదకొండు దాటాక బ్లాకుల మధ్య లాన్‌లో ఎండ పడుతుంది. ఆ ఎండ కోసం అందరూ చాపలూ కుర్చీలూ తెచ్చుకుని దిగేవారు. బఠాణీలు వలవడం, స్వెటర్లు అల్లడం, కమలాపళ్లు ఒలుచుకు తినడం అన్నీ అక్కడే. తెలుగువాళ్లది ఒక మూల. అందులో రైల్వే అకౌంట్స్‌లో రిటైరైన ఒక పెద్దాయన ఉండేవాడు. వరంగల్ వైపు మనిషి. అందరికీ అంకుల్, మామ్మగారికి మాత్రం అన్నయ్యగారు. కార్తీక మాసం నెలంతా ఆయన అక్కడే కూర్చుని పురాణం చదివి అర్థం చెప్పేవాడు. ఆ సంవత్సరం పురాణం ముగిసిన మర్నాడు కూడా జనం అలవాటు కొద్దీ వచ్చి కూర్చున్నారు. చదవడానికేమీ లేకపోయింది. మామ్మగారు, "మన పైఇంటి అమ్మాయి ఏదో రాస్తోందిట. నాకు అక్షరాలు ఆనడం లేదు. అది చదవండి," అన్నారు. నేను తెచ్చిన పత్రిక అంకుల్ చేతిలోకి వెళ్లింది.

ఆయనకు చదవడం ఒక్క రకంగానే వచ్చు. ముందు కళ్లజోడు తుడుచుకునేవాడు. గొంతు సవరించుకుని ఒక వాక్యం నెమ్మదిగా చదివేవాడు. పత్రిక ఒళ్లో బోర్లించి అర్థం చెప్పేవాడు.

"ఏందంటే అమ్మా, ఇచ్చుడు అంటే మనం బియ్యం ఇచ్చినట్టు గాదు. సూసుడే ఇచ్చుడు. మీరు మీ పిల్లలను సూసిండ్రు, బర్లను సూసిండ్రు, పొయ్యిని సూసిండ్రు. ఆ వెలుగంత యాడ వోయింది? ఆడనే ఉన్నది. సమజైందా?"

కత్తియుద్ధమో ప్రేమో వస్తే, "ఇవన్ని మామూలే, ముందటికి పోదాం," అని రెండు పేజీలు ఒకేసారి తిప్పేసేవాడు.

"అలా తిప్పేస్తే ఎలాగండీ అన్నయ్యగారూ! ఆ పిల్ల ఏవైందో చెప్పండి ముందు," అని మామ్మగారు అడ్డుపడేవారు.

"నది దాటింది తల్లీ. ఇగ వినుండ్రి."

ఒకసారి నేను, "ఇది కథ కదా అంకుల్," అన్నాను. ఆయన కళ్లజోడు మీంచి చూశాడు. "కథ గాకపోతే ఏంది? మన పాత శాస్త్రాలల్ల గూడ కంటి తేజస్సే పోయి వస్తువును ముట్టుకుంటదని రాసిండ్రు. ఈ పిల్ల ఊకె రాసిందనుకుంటున్నవా? పేపరోళ్లకు అన్నీ ఉత్తయే." అందరూ నవ్వారు. పఠనం అయిపోగానే కమలా తొనలు చేతుల్లో పెట్టేవారు. పురాణం నాటి ప్రసాదంలాగే కొందరు వాటిని కళ్లకద్దుకుని తినడం నేను చూశాను. చూసి, నాకది ముచ్చటగా అనిపించింది. రాయదగ్గ విషయమనుకున్నాను కూడా.

మామ్మగారిది గోదావరి వైపు పల్లె. భర్త పోయాక కొడుకు తెచ్చి తన దగ్గర పెట్టుకున్నాడు. పెద్ద ఇల్లు, పాడి, మనుషులు చూసిన మనిషి. ఇక్కడ రెండు గదుల్లో గోడలకు తగులుకుంటూ తిరగాల్సి వచ్చింది. చుక్కలు వేస్తే కళ్లు మండేవి. మనవరాలు హిందీలోనే మాట్లాడేది. ఆ మూలన చాప మీద కూర్చుంటే మాత్రం ఆవిడ మాటకు అందరూ పడిపడి నవ్వేవారు. కథలో నిండుగా ఇచ్చినవాళ్ల సంగతి వచ్చిన రోజున, పక్కన కూర్చున్నావిడ ఆవిడ మోకాలి మీద చెయ్యి వేసి, "మన మామ్మగారే," అంది. మామ్మగారు తలపై కొంగు సరిచేసుకున్నారు.

సీసా తెచ్చిపెట్టిన ఆ ఆదివారం రచయిత్రి ముందు సూటిగానే చెప్పి చూసింది.

"మామ్మా, అదంతా నేను కల్పించి రాసినా. అట్లాంటి లోకం లేదు. నిజం కాదది."

"నువ్వు చూసి రాశావని ఎవరన్నారూ?"

"మరి? లేనిదాన్ని నమ్మి మందు మానుకుంటారా?"

ఆమె లోపలికి వెళ్లి కూతురి పరీక్ష కాగితం తెచ్చింది. బొమ్మ చూపించి, ఎర్ర సిరా చూపించి, ఇదంతా ఎక్కడ మొదలైందో చెప్పింది. మామ్మగారు కాగితాన్ని మొహానికి దగ్గరగా పెట్టుకుని, తల అటూ ఇటూ తిప్పి వెతుక్కుని, బాణాలు పట్టుకున్నారు.

"చూశావా! పిల్లకి తెలిసింది. పంతులమ్మకి తెలీలేదు."

కొడుకు తల పట్టుకున్నాడు. "అమ్మా, అది తప్పు ఆన్సరు!"

"నీ డాక్టరు చెప్పే ఆన్సరేవిటో చెప్పు. కన్నేవైందయ్యా అంటే, పోయిందంటాడు. ఎక్కడికి పోయిందయ్యా అంటే మాట్లాడడు. ఈ అమ్మాయి చెప్పింది ఎక్కడికి పోయిందో. ఇన్నాళ్లకి ఒక్కరు చెప్పారు." ఆవిడ గొంతు ఒక్కసారి మారింది. మళ్లీ వెంటనే మామూలైపోయింది. "పైగా ఆపరేషన్ చేసి కంటికి గుడ్డ కడతాట్ట. మూటకళ్లదాన్నైపోనా?"

ఆ తర్వాతి వారాలు రచయిత్రికి కుదురు లేదు. ఆమెను చూస్తే నాకూ ఉండేది కాదు. పొద్దున బస్సు కోసం నిలబడ్డప్పుడు ఆమె పెదవులు కదులుతుండేవి. ఒకరోజు ఆఫీసుకు సెలవు పెట్టి లాన్‌లోకి వచ్చి, అంకుల్ చదువుతుంటే అందరి వెనక నిలబడి వింది. ఆ సాయంత్రం మెట్ల మీద నన్ను ఆపి, "ఒక్క మాట కూడా మార్చలేదు అన్నా ఆయన. అన్నీ నా మాటలే. కానీ నేను రాసింది అది కాదు. ఎట్లా చెప్పాలి నీకు?" అంది.

మామ్మగారు చుక్కలు ముట్టలేదు. కొడుకు బలవంతంగా వేయబోతే గట్టిగా కళ్లు మూసుకునేవారు. అతను ఒకసారి ఆఫీసుకు వెళ్తూ మెట్ల మీద రచయిత్రి ఎదురైతే పలకరించకుండా పోయాడు. మర్నాడు ఆగి, "మీరే చెయ్యాలి మేడం ఏదన్నా. ఆవిడ మా మాట వినదు," అన్నాడు. అతని చేతిలో ఆసుపత్రి ఫైలు ఉంది. డేటు మళ్లీ వాయిదా వేయించుకోవడానికి వెళ్తున్నాడు.

ఆమె చేయగలిగింది రాయడమొక్కటే. తాను రాసినదాన్ని తానే సరిదిద్దాలనుకుంది. ఒక కొత్త భాగం రాసింది. అందులో అరుగు మీద కూర్చున్న ఒక నిండుగా ఇచ్చిన ముసలివాడు, ఆ పిల్లతో ఇలా అంటాడు: నేను తొందరపడ్డాను. నా మనవడు పుట్టకముందే అంతా ఇచ్చేశాను. వాడి మొహం మీద నా చూపు పడలేదు. అక్కడ వాడు ఎప్పటికీ కాస్త చీకటిగానే ఉంటాడు. చూడవలసినవాళ్లు ఇంకా మిగిలి ఉన్నంతకాలం కాస్త వెలుగు కాపాడుకోవడం పిసినారితనం కాదు.

చదివి బాగుందన్నాను. నిజంగానే బాగుంది. ఆమె మాత్రం కాగితాలు తిరగేస్తూ, "బాగుంది కానీ అబద్ధం అన్నా. ఆ లోకంలో అట్లా అనుకోరు," అంది.

"ఆ లోకమే అబద్ధం అన్నావు కదా మామ్మగారితో."

ఆమె నా వైపు చురుగ్గా చూసింది.

మామూలుగా పంపితే అది అచ్చులోకి రావడానికి నెల దాటుతుంది. అందుకని నేను ఆఫీసు నుంచి ఫ్యాక్స్ చేసి, వారపత్రిక చూసే సబ్ ఎడిటర్‌కు ఫోన్ చేశాను. "మధ్యలో దూర్చమంటే ఎలాగండీ? ఆర్టిస్టు బొమ్మ కూడా వేసేశాడు. బొమ్మలో ఆ పిల్ల కొండెక్కుతోంది. మీ ముసలాయన ఎక్కడా లేడు," అన్నాడు. ఎందుకో చెప్పాను. "ఇక్కడ పాఠకులు కూడా ఉత్తరాలు రాస్తున్నారండీ, ఇచ్చుచూపు వ్రతం ఎలా చేయాలో చెప్పమని. మేం నవ్వుకున్నాం," అన్నాడు. చివరకు వేశాడు. కొండ బొమ్మ పక్కనే ముసలాయన కథ వచ్చింది.

అంకుల్ దాన్ని మామూలుగానే చదివాడు. అర్థం కూడా చెప్పాడు. పక్కన కూర్చున్నవాళ్లు మామ్మగారి వైపు ఓరగా చూస్తున్నారు. రచయిత్రి ఆ రోజు కూడా సెలవు పెట్టింది. స్తంభం పక్కన నిలబడి అల్లికసూదులు పట్టుకుంది కానీ అల్లడం లేదు. మామ్మగారు మొత్తం విన్నారు. తొన నోట్లో వేసుకుని గింజ ఊసి అన్నారు:

"ఈ వారం అమ్మాయి రాయలేదు. మా అబ్బాయి రాయించాడు."

లాన్ అంతా గొల్లుమంది. అంకుల్ కూడా పత్రిక మొహానికి అడ్డం పెట్టుకుని నవ్వాడు. రచయిత్రి నవ్వలేదు. జనం మధ్యలోంచి వచ్చి, చాప అంచున చెప్పులతోనే నిలబడింది.

"సరే మామ్మా. మీరు చెప్పింది నిజమే. అబద్ధం రాసినా. ఇంక రాయను."

"అదేవిటే?"

"మీరు ఆసుపత్రికి వచ్చేదాకా ఒక్క అక్షరం రాయను. ఆ పిల్ల కొండ మీదే ఉంటుంది."

"నీ కథ నువ్వు రాసుకోపోతే నాకేం?" అన్నారు మామ్మగారు. కానీ చేతిలోని కమలాపండు ఒలవడం ఆపేశారు.

ఆమె అన్నంత పనీ చేసింది. ముందే పంపిన భాగాలను కూడా ఆపించింది. తర్వాతి సంచికలో సీరియల్ పేజీలో, అనివార్య కారణాల వల్ల ఈ వారం ప్రచురించలేకపోతున్నామని చిన్న అక్షరాలు. ఆ పై వారం కూడా అంతే. సబ్ ఎడిటర్ నాకు ఫోన్ చేసి అరిచాడు. లాన్‌లో అంకుల్‌కు చదవడానికి ఏమీ లేక, పాత సంచికలే తిరగేశాడు. మామ్మగారు మొదటి వారం ఎవరితోనూ మాట్లాడలేదు. రెండో వారం నన్ను మెట్ల దగ్గర పట్టుకున్నారు.

"ఏవయ్యా పేపరబ్బాయ్, నీకు తెలిసే ఉంటుంది. ఆ పిల్లకి వాడు దొరుకుతాడా?"

"ఎవరు మామ్మగారూ?"

"ఎవరూ చూడనివాడు."

"నాకు తెలీదండీ. ఆమెకే తెలియాలి."

"ఆవిడ చెప్పదు. మొండిది." కాసేపు రెయిలింగు పట్టుకుని నిలబడ్డారు. ఎండలు అప్పటికే ముదురుతున్నాయి. లాన్‌లో కూర్చోవడం ఇంక కొన్నాళ్లే. "వాణ్ని ఎవరూ చూడకుండా అలా వదిలేస్తుందా ఏవిటి?" అన్నారు. నాతో అన్నట్టు లేదు.

ఆ వారంలోనే కొడుకుతో వస్తానన్నారు. షరతు ఒక్కటే. అమ్మాయి కూడా రావాలి, పక్కనే ఉండాలి.

పెద్దాసుపత్రికి నలుగురం టాక్సీలో వెళ్లాం. కొడుకు కౌంటర్ల మధ్య తిరుగుతుంటే, ఆపరేషన్‌కు ముందు చేసే పరీక్ష కోసం మామ్మగారిని చీకటి గదిలో ఒక యంత్రం ముందు కూర్చోబెట్టారు. పెద్ద తెల్లటి గిన్నెను పక్కకు తిప్పినట్టుంటుంది. అందులోకి మొహం పెట్టి, నడిమి చుక్కనే చూస్తుండాలి. అక్కడక్కడా చిన్న వెలుగు చుక్క మెరిసి ఆరిపోతుంది. కనిపించిన ప్రతిసారీ చేతిలోని మీట నొక్కాలి. ఏ వైపు కనిపిస్తోందో, ఏ వైపు పోయిందో దాన్నిబట్టి పటం తయారవుతుంది. జబ్బు మొదట బయటపడ్డప్పుడు ఇదే పరీక్ష చేశారు. ఆ పటం ఫైల్లో ఉంది. ఇవాళ్టి పటాన్ని దాని పక్కన పెడితే, ఆవిడ చుక్కలు మానేసిన నెలల్లో ఎంత చూపు పోయిందో తేలిపోతుందని డాక్టరు చెప్పాడు. రచయిత్రి తెలుసుకోవాలనుకున్నది అదొక్కటే.

గది తలుపు సగం తెరిచి ఉంది. నేను బయట బెంచీ మీద కూర్చున్నాను. మీట చప్పుడు వినిపిస్తోంది. టిక్, టిక్, టిక్. తడబాటు లేదు, ఆగడం లేదు.

"అమ్మాజీ," అన్నాడు పరీక్ష చేసే మనిషి, "రోశనీ దిఖే తభీ దబానా హై."

"ఏవంటున్నాడే?"

"వెలుగు కనపడినప్పుడే నొక్కాలంట మామ్మా."

"అలాగే."

మళ్లీ టిక్, టిక్, టిక్. యంత్రం అప్పుడప్పుడూ వెలుగు వేయకుండానే ఊరికే చప్పుడు చేస్తుందట, మనిషి నిజంగా చూసి నొక్కుతున్నాడో లేదో తెలుసుకోవడానికి. అప్పుడు కూడా ఆవిడ నొక్కారు. ఆ మనిషి విసుక్కుని మొదటి నుంచి మళ్లీ పెట్టాడు. అదే వరస. చివరకు యంత్రం అచ్చు వేసిన కాగితం మీద, ఈ ఫలితాన్ని నమ్మడానికి వీల్లేదని వచ్చింది.

డాక్టరు భుజాలెగరేశాడు. కంట్లో ఒత్తిడి ఎక్కువగా ఉంది కనుక పటంతో పనిలేకుండానే కుడి కంటికి ఆపరేషన్ చేశాడు. కట్టు ఉన్నన్నాళ్లూ మామ్మగారు ఎవరినీ ఇంటికి రానివ్వలేదు. కట్టు విప్పాక ఒత్తిడి తగ్గిందన్నారు. చుక్కలు కూడా వేసుకోవడం మొదలుపెట్టారు. రచయిత్రి మాట నిలబెట్టుకుంది. ఆ పిల్ల కొండ దిగింది. అంకుల్ లాన్ వదిలి ఇంట్లో కూలర్ ముందు కూర్చుని చదివాడు. సీరియల్ వానలు పడేనాటికి ముగిసింది. అది పుస్తకంగా వచ్చినప్పుడు ముసలివాడి భాగాన్ని ఆమె తీసేసింది.

పరీక్ష మరోసారి చేయించారు. అప్పుడు కూడా రచయిత్రే పక్కన కూర్చుంది. అప్పుడూ యంత్రం అదే మాట అచ్చు వేసింది. బయటికి వస్తూ ఆమె అడిగేసింది.

"మామ్మా, నిజం చెప్పండి. ఎందుకట్లా నొక్కుతారు? కనపడకనా? నమ్మకమా? లేకపోతే నాకు తెలియకూడదనా?"

మామ్మగారు ఆమె భుజం పట్టుకుని నడుస్తూ, "ఆటో పిలవ్వే, ఎండ," అన్నారు.

మరుసటి ఏడాది కొడుక్కి పుణెకు బదిలీ అయింది. ఆసుపత్రి ఫైలు వాళ్లతో వెళ్లింది. రచయిత్రి ఆ తర్వాత రెండు నవలలు రాసింది. వాటిలో వెలుగు ఊసు లేదు. ఆ నెలల్లో మామ్మగారి కుడి కన్ను ఎంత చూపు పోగొట్టుకుందో, అసలు పోగొట్టుకుందో లేదో ఆమెకు తెలియలేదు. నాకూ తెలియదు. ఆ ఫైల్లో నమ్మదగిన పటం మొదటిదొక్కటే.